కోర్టు హాల్లో లేని మూడో మనిషి

మేధో సంపత్తి కేసులు వినే జడ్జి ఆ విద్యలోనే పుట్టి పెరిగి ఉండాలన్న మాట ఈమధ్య ఎక్కడ చూసినా వినిపిస్తోంది. లా కాలేజీల సెమినార్లలో అదే, వాణిజ్య పత్రికల్లో అదే, కోర్టు వరండాల్లో జూనియర్ లాయర్ల కబుర్లలో కూడా అదే. పేటెంటు అంటే రసాయన శాస్త్రం, సాఫ్ట్‌వేరు, టెలికాం. భూతగాదాలూ బెయిలు పిటిషన్లూ వింటూ తల నెరిసిన జడ్జికి అవేం అర్థమవుతాయి? కాబట్టి ఆ కేసులకు వేరే కేడర్ పెట్టాలి, ఆ రంగంలో ప్రాక్టీసు చేసినవాళ్లనే తెచ్చి బెంచి మీద కూర్చోబెట్టాలి, కూర్చోబెట్టాక రిటైరయ్యేదాకా అక్కడి నుంచి కదపకూడదు. ఇదీ వాదం. గుండె ఆపరేషనుకు గుండె డాక్టరు దగ్గరికే కదా వెళతాం అని ఒక పోలిక కూడా దానికి తోడు.

ఆ పోలిక మొదటి అడుగులోనే కూలిపోతుంది. ఆపరేషన్ బల్ల మీద ఉండేది ఒక్క రోగి. నిలిచినా పోయినా ఆ ప్రాణమే. పేటెంటు కేసులో కోర్టు ముందు నిలబడేవి రెండు కంపెనీలు, వాటి వెనక రెండు లాయర్ల బృందాలు. తీర్పు దెబ్బ తగిలేది మాత్రం ఆ హాల్లో లేని మనిషికి. మందు కొనాల్సిన రోగికి, పుస్తకంలో నాలుగు పాఠాలు జిరాక్సు తీయించుకునే విద్యార్థికి, ఎవరో తెచ్చి ఇచ్చిన లేబులు కుట్టి కూలి తీసుకునే దర్జీకి. ఆ మనిషి వకాలత్ వేయడు. వాయిదాకు రాడు. అసలు కేసు నడుస్తోందనే అతనికి తెలియదు. అతన్ని జడ్జి తనంతట తానే గుర్తుంచుకోవాలి. ఆ గుర్తు ఎక్కడి నుంచి వస్తుంది? ఇరవై ఏళ్లు పేటెంటు కేసులే చదివితే రాదు. ప్రమాద పరిహారాలు, కార్మిక వివాదాలు, వరకట్నం కేసులు, రేషన్ కార్డు రిట్లు విన్నప్పుడు వస్తుంది. మన దేశంలో మేధో సంపత్తి చట్టానికి వెన్నెముకగా నిలిచిన తీర్పులు రాసినవాళ్లలో ఎక్కువమంది అలా వచ్చినవాళ్లే. ఆ సంగతి దాచి కేడర్ వాదం చేయడం చరిత్రకు అన్యాయం.

వాషర్‌మెన్‌పేట్‌లో ఉంటూ ఈ మాట రాస్తున్నాను. ఇక్కడ మెట్రో ఎక్కితే మధ్యలో మన్నడి, ఆ తర్వాత స్టేషను హైకోర్టు. ఈస్టిండియా కంపెనీవాళ్ల ఎగుమతి గుడ్డను ఉతికి తెల్లబరిచేవాళ్ల కోసం వెలిసిన పేట ఇది. ఆ గుడ్డ నేసిన కుటుంబాల్లో తెలుగు ఇళ్లు ఎన్నో. సర్ పిట్టి త్యాగరాయ చెట్టి గారు అలాంటి నేత కులమైన దేవాంగుల ఇంటివారే. ఫ్లై షటిల్ మగ్గాన్ని ఇక్కడి నేతలోకి తెచ్చినవారు, జస్టిస్ పార్టీ స్థాపకుల్లో ఒకరు. ఈరోజు ఆయన పేరుతో కాలేజీ ఉంది, ఆ కాలేజీ పేరుతో మెట్రో స్టేషనూ ఉంది. ఎం.సి. రోడ్డు పొడవునా బట్టల కొట్లు. పక్కనే స్టాన్లీ ఆస్పత్రి. ట్రేడ్‌మార్కు చట్టం, పేటెంటు చట్టం జనం మీద ఎలా పడతాయో చూడాలంటే ఈ రెండు మైళ్లూ చాలు. అయినా మేధో సంపత్తి జడ్జి ఎలా ఉండాలన్న చర్చలో ఈ పేటను తలచుకున్నవాళ్లు నాకింతవరకు తగల్లేదు.

మొదట పునాది సంగతి చూద్దాం. స్వతంత్ర భారతదేశపు పేటెంటు విధానానికి రూపం ఇచ్చింది జస్టిస్ ఎన్. రాజగోపాల అయ్యంగార్. ఆయన మద్రాసు హైకోర్టు జడ్జి. 1955లో ట్రేడ్‌మార్కు చట్టం మీద ఆయన ఇచ్చిన నివేదిక తర్వాత 1958 చట్టం వచ్చింది. 1959 సెప్టెంబరులో ఇచ్చిన పేటెంటు నివేదిక 1970 చట్టానికి ఆధారమైంది. దేశంలోని పేటెంట్లలో 80 నుంచి 90 శాతం విదేశీయుల చేతుల్లో ఉన్నాయని, వాటిలో 90 శాతానికి పైగా ఇక్కడ వాడకంలోనే లేవని, పేటెంటు తీసుకోవడం ఇక్కడ తయారుచేయడానికి కాక మరొకరు తయారుచేయకుండా ఆపడానికేనని ఆయన లెక్కలతో చూపించారు. మందులకూ ఆహారానికీ తయారీ పద్ధతి మీదే పేటెంటు ఇవ్వాలి, పదార్థం మీద ఇవ్వకూడదు అన్న నియమం అక్కడి నుంచి వచ్చింది. 1972 ఏప్రిల్ 20న ఆ చట్టం అమల్లోకి వచ్చింది. హైదరాబాదు బాలానగర్‌లో ప్రభుత్వ మందుల సంస్థ ఐడీపీఎల్ అప్పటికే ఉంది. 1981లో నాట్కో పుట్టింది, 1984లో డాక్టర్ రెడ్డీస్ పుట్టింది. ఈరోజు హైదరాబాదును మందుల రాజధాని అని తెలుగువాళ్లం గర్వంగా చెప్పుకుంటున్నాం. ఆ గర్వానికి చట్టంలో చోటు చేసి పెట్టింది ఒక మద్రాసు జడ్జి.

ఆయన పేటెంటు నిపుణుడిగా జీవితం మొదలుపెట్టలేదు. సుప్రీంకోర్టుకు వెళ్లాక ఖరక్ సింగ్ కేసులో మెజారిటీ తీర్పు రాసింది ఆయనే. పోలీసులు అర్ధరాత్రి పౌరుడి తలుపు కొట్టే అధికారాన్ని 1962లో కొట్టేసిన తీర్పు అది. (గోప్యత హక్కును అదే తీర్పు ఒప్పుకోలేదు, మన కోకా సుబ్బారావు గారు అక్కడ విభేదించి రాసినదే చివరికి నిలిచింది. ఆ తగాదా వేరే వ్యాసానికి తగినది.) తర్వాత రెండేళ్లకు నవరత్న ఫార్మాస్యూటికల్స్ కేసులో ట్రేడ్‌మార్కు ఉల్లంఘనకూ పాసింగ్ ఆఫ్‌కూ (తన సరుకును మరొకరిదిగా చలామణీ చేయడం) తేడా చెప్పిన తీర్పు కూడా ఆయనదే. నేటికీ ట్రేడ్‌మార్కు దావాల్లో అది ఉదహరించక తప్పదు. పౌరుడి తలుపు, మందుల లేబులు, దేశపు పేటెంటు విధానం ఒకే మనిషి బల్ల మీదికి వచ్చాయి. ఒకటి మరొకదాన్ని పాడుచేయలేదు.

సాంకేతిక జ్ఞానం లేని జడ్జి పేటెంటు కేసు వినడం అన్యాయమన్న ఫిర్యాదు కొత్తది కాదు. 1911లో న్యూయార్క్‌లో లెర్నెడ్ హ్యాండ్ అనే జిల్లా జడ్జి, అడ్రినలిన్ పేటెంటు మీద తీర్పు చెబుతూ, రసాయన శాస్త్రపు ఓనమాలు కూడా రాని తనలాంటివాడి చేతికి ఇలాంటి కేసులు రావడం మీద బాధపడ్డాడు. కేడర్ వాదులు వందేళ్లుగా ఆ తీర్పునే చూపిస్తున్నారు. కానీ ఆ ఫిర్యాదు చేసిన హ్యాండ్ తర్వాత ఐదు దశాబ్దాలు అన్ని రకాల కేసులూ విన్నాడు. పేటెంటులోనూ కాపీరైటులోనూ అమెరికా కోర్టులు ఇప్పటికీ తలచుకునే పేరు అతనిదే. అతన్ని గొప్పవాణ్ని చేసింది రసాయన శాస్త్రం కాదు.

అమెరికా అంతటితో ఆగలేదు. 1982లో పేటెంటు అప్పీళ్లన్నీ ఒకే చోటికి చేర్చి ఫెడరల్ సర్క్యూట్ అనే ప్రత్యేక అప్పీలు కోర్టు పెట్టింది. మనవాళ్లు కలగనే ఏర్పాటు అదే. ఏమైంది? పేటెంటు ఉల్లంఘన రుజువైతే ఇంజంక్షన్ దాదాపు దానంతట అదే రావాలన్న నియమం అక్కడ స్థిరపడింది; 2006లో ఈబే కేసులో సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసింది. స్వల్ప మార్పులకు కూడా పేటెంటు సులువుగా నిలిచే పరీక్షను 2007లో కేఎస్‌ఆర్ కేసులో సరిదిద్దింది. రొమ్ము కేన్సర్, అండాశయ కేన్సర్ ముప్పు చెప్పే జన్యువులను శరీరం నుంచి వేరుచేస్తే చాలు వాటి మీద పేటెంటు ఇవ్వొచ్చని ఆ ప్రత్యేక కోర్టు అంటే, 2013లో మిరియడ్ కేసులో సుప్రీంకోర్టు కుదరదంది. ఈ మూడింట్లోనూ ఒక్క విరుద్ధ ఓటు లేదు. ఉదారులూ సంప్రదాయవాదులూ చాలా విషయాల్లో విభేదించే ఆ కోర్టులో, మరణశిక్ష మీదా ఎన్నికల మీదా తీర్పులు రాసే జడ్జీలంతా ఒకే మాట మీద నిలబడి నిపుణుల కోర్టును వెనక్కి లాగాల్సి వచ్చింది. ఆ నిపుణులు చెడ్డవాళ్లని నేననను. రోజూ ఒకే రకం కక్షిదారు, ఒకే బార్, ఒకే భాష ఎదురైతే ఎంత నిజాయితీపరుడికైనా ఆ హక్కే లోకం అనిపిస్తుంది. పేటెంటు ఒక మినహాయింపు, స్వేచ్ఛే నియమం అన్న సంగతి మరుగున పడుతుంది.

ఇక మన ఊరి కథ. నోవార్టిస్ వారి గ్లీవెక్ దరఖాస్తును 2006 జనవరిలో చెన్నై పేటెంటు ఆఫీసు తిరస్కరించింది. రక్త కేన్సరు మందు. కంపెనీ ధరకు నెలకు లక్షా ఇరవై వేల రూపాయలు, ఇక్కడి కంపెనీల జనరిక్ ధరకు పది వేల లోపు. తెలిసిన పదార్థానికి కొత్త రూపం ఇచ్చినంత మాత్రాన పేటెంటు రాదు, దాని సామర్థ్యం గణనీయంగా పెరగాలి అని చెప్పే సెక్షన్ 3(డి) రాజ్యాంగానికే విరుద్ధమని నోవార్టిస్ మద్రాసు హైకోర్టుకు వచ్చింది. 2007 ఆగస్టు 6న జస్టిస్ ఆర్. బాలసుబ్రమణియన్, జస్టిస్ ప్రభా శ్రీదేవన్‌ల ధర్మాసనం ఆ సవాలును కొట్టేసింది.

ఆ తీర్పు ఎలా రాశారో చూడండి. సామర్థ్యం అన్న మాట అస్పష్టంగా ఉంది, దానికి కొలత లేదు అన్నది కంపెనీ వాదన. జడ్జీలు వైద్య నిఘంటువు తెరిచారు. మందు విషయంలో సామర్థ్యం అంటే రోగం మీద పనిచేసే గుణమే అని తేల్చారు. ఈ సెక్షన్ వెనక పార్లమెంటు ఉద్దేశం ప్రాణాధార మందులు పౌరులకు అందేలా చూడడం అని గుర్తుచేశారు. ఆరేళ్ల తర్వాత, 2013 ఏప్రిల్ 1న, జస్టిస్ ఆఫ్తాబ్ ఆలం, జస్టిస్ రంజనా దేశాయ్ సుప్రీంకోర్టులో గ్లీవెక్ అప్పీలు కొట్టేసినప్పుడు నిలబడింది ఆ అర్థమే. రసాయన శాస్త్రంలో డాక్టరేట్ లేని నలుగురు జడ్జీలు ప్రపంచంలోని మందుల కంపెనీలన్నీ కళ్లింత చేసుకుని చూస్తున్న ప్రశ్నకు తేటగా జవాబిచ్చారు. సాంకేతిక విషయం చదివితే తెలుస్తుంది. అడిగితే చెప్పేవాళ్లు ఉంటారు. పేటెంటు చట్టం సెక్షన్ 115 కోర్టుకు శాస్త్ర సలహాదారుణ్ని పెట్టుకునే వీలు ఇస్తోంది.

ప్రభా శ్రీదేవన్ వృత్తి జీవితం గురించి కొంచెం నిలబడి చెప్పాలి. మేధో సంపత్తి జడ్జి అనగానే ఈ నగరంలో గుర్తుకు రావాల్సిన పేరు ఆమెదే. 2000 నుంచి 2010 దాకా మద్రాసు హైకోర్టులో పనిచేశారు. తమిళ కథలను ఇంగ్లీషులోకి అనువదించిన రచయిత్రి కూడా. 2009లో ఆమె బెంచి ముందుకు ఒక మోటారు ప్రమాద పరిహారం కేసు వచ్చింది. చనిపోయింది గృహిణి. జీతం లేదు, కాబట్టి ఆదాయం లేదు, కాబట్టి పరిహారం తక్కువ అన్నది బీమా కంపెనీ లెక్క. వంట, పిల్లల పెంపకం, ముసలివాళ్ల సేవ, ఇంటి నిర్వహణ, వీటన్నిటికీ విలువ ఎందుకు కట్టాలో, ఎలా కట్టాలో ఆమె ఆ తీర్పులో విప్పి చెప్పారు. మరుసటి ఏడాది సుప్రీంకోర్టు అలాంటి కేసులోనే దాన్ని ఉదహరించింది.

2011లో ఆమె మేధో సంపత్తి అప్పీళ్ల బోర్డుకు అధ్యక్షురాలయ్యారు. ఆ కుర్చీ ముందుకు వచ్చింది బేయర్–నాట్కో కేసు. కాలేయం, మూత్రపిండాల కేన్సరుకు వాడే నెక్సావర్. బేయర్ ధర నెలకు 2,80,428 రూపాయలు. హైదరాబాదు నాట్కో 8,800 రూపాయలకు ఇస్తానంది. 2012 మార్చి 9న పేటెంట్ల కంట్రోలర్ నాట్కోకు తప్పనిసరి లైసెన్సు ఇచ్చారు. దేశంలో అదే మొదటిది. బేయర్ అప్పీలుకు వచ్చింది. పరిశోధనకు తనకెంత ఖర్చయిందో చూసి ధర సబబో కాదో తేల్చాలని కంపెనీ అంది. 2013 మార్చి 4న బోర్డు చెప్పిన జవాబు: అందుబాటు ధర అన్నది కొనే ప్రజల వైపు నుంచి చూడాల్సిన సంగతి. లైసెన్సు నిలిచింది. అలాగని కంపెనీ చెప్పిన ప్రతిదీ తోసేయలేదు. కంట్రోలర్ 6 శాతం అన్న రాయల్టీని 7కు పెంచారు. దిగుమతి చేసుకుంటే పేటెంటును ఇక్కడ అమలు చేసినట్టు ఎప్పటికీ కాదు అన్న కంట్రోలర్ మాటను కూడా ఒప్పుకోలేదు, అది కేసును బట్టి తేల్చాలన్నారు. బొంబాయి హైకోర్టు 2014 జులైలో ఆ నిర్ణయాన్ని సమర్థించింది. అదే ఏడాది డిసెంబరులో సుప్రీంకోర్టు జోక్యానికి నిరాకరించింది.

గృహిణి చాకిరీకి విలువ కట్టిన చెయ్యే మందు ధరను తూచింది. ఆ రెండు తీర్పుల మధ్య బంధం నాకు స్పష్టంగా కనిపిస్తుంది. మార్కెట్టు పెట్టిన అంకె ఒక్కటే విలువ కాదని మొదటి కేసులో నేర్చుకున్న జడ్జి రెండో కేసులో కంపెనీ చిట్టా ముందు తలవంచలేదు. ఆమె పాతికేళ్లూ కంపెనీల పేటెంటు ఫైళ్లే మోసి ఉంటే ఆ చూపు వచ్చేదా? నాకు నమ్మకం లేదు.

ఆ బోర్డు సంగతి కూడా చెప్పుకోవాలి. కేడర్ వాదులు దాని గురించి తొందరగా దాటేస్తారు కాబట్టి నేను దాటను. తేనాంపేట అన్నా సాలై మీద, గుణా కాంప్లెక్సులో దాని ముఖ్య కార్యాలయం ఉండేది. 2003 సెప్టెంబరు 15న మొదలైంది. 2007 ఏప్రిల్ నుంచి పేటెంటు అప్పీళ్లు కూడా దానికే వెళ్లాయి. నిపుణులు ఉండాలని సాంకేతిక సభ్యుణ్ని పెట్టారు. గ్లీవెక్ అప్పీలు అక్కడికి చేరినప్పుడు ఆ సాంకేతిక సభ్యుడు ఎవరు? ఆ దరఖాస్తు తిరస్కరించిన పేటెంటు ఆఫీసుకు అప్పట్లో కంట్రోలర్ జనరల్‌గా ఉన్నవారే. నోవార్టిస్ అభ్యంతరం చెప్పింది, వివాదం సుప్రీంకోర్టు దాకా పోయింది, చివరికి ఆయన స్థానంలో మరొకర్ని కూర్చోబెట్టాల్సి వచ్చింది. నిపుణుల లోకం ఎంత ఇరుకో చెప్పడానికి ఇంతకంటే ఏం కావాలి? దరఖాస్తులు పరీక్షించేవాళ్లు, వాదించేవాళ్లు, తీర్పు చెప్పేవాళ్లు అందరూ ఒకే చిన్న గదిలో తిరుగుతూ ఉంటారు.

2015 మార్చిలో, లా ప్రొఫెసర్ షమ్నాద్ బషీర్ వేసిన కేసులో, ఆ బోర్డులో న్యాయ సభ్యుల స్థానాల్లో ప్రభుత్వ న్యాయసేవ అధికారుల్ని కూర్చోబెట్టే నిబంధనలను మద్రాసు హైకోర్టే కొట్టేసింది. 2016 మే నుంచి 2018 జనవరి దాకా బోర్డుకు అధ్యక్షుడే లేడు. అప్పీళ్లు అలాగే పడి ఉన్నాయి. 2021 ఏప్రిల్ 4న ఆర్డినెన్సుతో దాన్ని రద్దు చేసి కేసులను హైకోర్టులకు పంపారు. ప్రత్యేక సంస్థకు ప్రత్యేకంగా జరిగింది ఇదే: ప్రభుత్వం నియామకం మరిచిపోతే మొత్తం సంస్థ మూత. హైకోర్టులో ఒక జడ్జి రిటైరైతే ఇంకో జడ్జికి రోస్టర్ మారుతుంది, పని ఆగదు.

ఎదుటివాళ్ల వాదనలో బలం ఉన్న చోటు లేకపోలేదు. 2004లో గ్లీవెక్ మీద నోవార్టిస్‌కు ప్రత్యేక మార్కెటింగ్ హక్కు ఉందని జనరిక్ కంపెనీలను ఆపిన ఇంజంక్షన్ కూడా ఇదే మద్రాసు హైకోర్టు ఇచ్చింది. అదే హక్కు మీద ఇంజంక్షన్‌కు బొంబాయి హైకోర్టు నిరాకరించింది. ఇంజంక్షన్ ఇచ్చిన మద్రాసు జడ్జిది నిపుణుల కోర్టు కాదు. సాధారణ జడ్జి అయితే చాలు, రోగి వైపు చూస్తాడని నేననడం లేదు. ఢిల్లీ హైకోర్టులో జస్టిస్ ప్రతిభా సింగ్ మేధో సంపత్తి లాయరుగా పేరు తెచ్చుకుని 2017లో బెంచి మీదికి వచ్చారు. అక్కడ మేధో సంపత్తి కేసుల పనికి ఒక క్రమం, వేగం తేవడంలో ఆమెది పెద్ద చెయ్యి. అలాంటివాళ్లు రావాలి, ఇంకా రావాలి. ఢిల్లీలో 2021లో, మద్రాసులో 2023లో మేధో సంపత్తి విభాగాలు ఏర్పడడమూ మంచిదే. కేసులు ఒక చోట చేరితే వాయిదాలు తగ్గుతాయి, నియమాలు స్థిరపడతాయి. నా పోరు విభాగంతో కాదు, అందులో కూర్చున్న మనిషి ఇంకేమీ వినకూడదన్న షరతుతో. హైకోర్టులో ప్రధాన న్యాయమూర్తి రోస్టర్ మార్చే పద్ధతి ఉంది. ఈ విభాగంలో ఉన్న జడ్జి మరుసటి ఏడాది క్రిమినల్ అప్పీళ్లకో, కార్మిక రిట్లకో వెళతారు. దాన్ని లోపం అంటున్నారు. ఆ మార్పే ఈ వ్యవస్థకు ఊపిరి అని నేనంటాను.

అన్ని రకాల కేసులూ వినే జడ్జి చూపు ఎలా ఉంటుందో తెలియాలంటే ఢిల్లీ యూనివర్సిటీ జిరాక్సు కేసు తలచుకోండి. ఆక్స్‌ఫర్డ్, కేంబ్రిడ్జ్ ప్రచురణ సంస్థలు రామేశ్వరి అనే జిరాక్సు కొట్టు మీద 2012లో దావా వేశాయి. 2016 సెప్టెంబరులో జస్టిస్ రాజీవ్ సహాయ్ ఎండ్లా ఆ దావాను కొట్టేశారు. చదువు చెప్పడంలో భాగంగా పాఠాలు కాపీ తీయడానికి చట్టమే వీలు ఇచ్చిందన్నారు. డివిజన్ బెంచ్ వద్దకు వెళ్లినా ఆ మూలసూత్రం నిలిచింది. 2008లో రోష్ కంపెనీ ఎర్లోటినిబ్ అనే కేన్సరు మాత్ర 4,800 రూపాయలకు అమ్ముతుంటే సిప్లా 1,600కు తెచ్చింది. సిప్లాను ఆపమంటే జస్టిస్ రవీంద్ర భట్ ఆపలేదు. కోర్టు ముందు లేని రోగుల ప్రాణాన్ని కూడా తూకంలో వేశారు.

ఇప్పుడు మళ్లీ మా పేటకు వస్తాను. మేధో సంపత్తి జడ్జి అనగానే అందరి కళ్లూ హైకోర్టు మీదే. ఎం.సి. రోడ్డు వెనక సందుల్లో జాబ్‌వర్కు చేసే దర్జీకి ఎదురయ్యే మొదటి మేధో సంపత్తి జడ్జి మెజిస్ట్రేటు. ట్రేడ్‌మార్కు చట్టం సెక్షన్ 103 కింద నకిలీ మార్కు వేస్తే కనీసం ఆరు నెలలు, గరిష్ఠంగా మూడేళ్లు జైలు. యాభై వేల నుంచి రెండు లక్షల దాకా జరిమానా. పైగా మోసం చేసే ఉద్దేశం తనకు లేదని నిందితుడే రుజువు చేసుకోవాలి. ఆర్డరు ఇచ్చినవాడు కాలర్లతో పాటు లేబుళ్ల కట్ట కూడా ఇచ్చి వెళతాడు. రశీదు ఉండదు. లేబులు మీద ఉన్న ఇంగ్లీషు అక్షరాలు ఎవరివో కుట్టేవాడికి తెలియదు. రైడు వచ్చిన రోజు దొరికేది కుట్టేవాడు. ఆర్డరు ఇచ్చినవాడు కాదు. వారంటు లేకుండా సోదా చేయాలంటే పోలీసు అధికారి డీఎస్పీ హోదాకు తగ్గకూడదని, ముందుగా ట్రేడ్‌మార్కు రిజిస్ట్రార్ అభిప్రాయం తీసుకోవాలని అదే చట్టం సెక్షన్ 115లో రాసి ఉంది. ఆ రక్షణ పాటించారా లేదా అని అడిగే జడ్జి కావాలి. అలా అడిగే అలవాటు క్రిమినల్ కోర్టులో వస్తుంది. పట్టుబడినవాడు ఎలా మాట్లాడతాడో, ఏ భయంతో ఏ కాగితం మీద సంతకం పెడతాడో తెలిసిన జడ్జికే ఆ ప్రశ్న తడుతుంది.

హైకోర్టు నుంచి వచ్చే అడ్వొకేట్ కమిషనర్ల కథా ఇదే. అవతలి పక్షం వినకుండా ఉత్తర్వు తీసుకుని, గోడౌను తలుపు తీయించి, సరుకు లెక్కగట్టి సీలు వేస్తారు. పండగ సీజనుకు వారం ముందు సీలు పడితే ఆ చిన్న వ్యాపారికి కేసు గెలిచినా ఓడినట్టే. పేరున్న బ్రాండుకు రక్షణ వద్దని కాదు. నకిలీ సరుకుతో మోసపోయేది కూడా మా పేట కొనుగోలుదారుడే. ఆ రెండు నష్టాలనూ ఒకేసారి చూడగలిగే కన్ను కావాలని అంటున్నాను.

అలాంటి కన్ను ఒక్క విద్వత్తుతో రాదు. మన తెలుగు న్యాయమూర్తి జస్టిస్ ఎం. జగన్నాథరావు 2000లో సుప్రీంకోర్టులో పిక్నిక్ చాక్లెట్ల కేసు తీర్పు రాశారు. రెండు మార్కుల మధ్య పోలికల కంటే తేడాలకు ఎక్కువ బరువు ఇచ్చారు. విద్వత్తుకు పేరున్న జడ్జి ఆయన. అయినా మరుసటి ఏడాదే క్యాడిలా కేసులో ముగ్గురు జడ్జీల ధర్మాసనం ఆ పరీక్షను ఒప్పుకోలేదు. అక్కడ తగాదా మలేరియా మందులది: ఫాల్సిగో, ఫాల్సిటాబ్. ఆస్పత్రులకే అమ్ముతారు, డాక్టర్లు చదువుకున్నవాళ్లు, కాబట్టి పొరపాటు జరగదు అన్నది గుజరాత్ కోర్టుల మాట. సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. డాక్టర్లూ తడబడతారు. ఆస్పత్రుల్లో రద్దీ ఉంటుంది. ఎన్నో భాషలు, ఇంగ్లీషు తెలిసినవాళ్లు కొద్దిమంది ఉన్న ఈ దేశంలో ఇంగ్లండు సూత్రాలను అలాగే తెచ్చి పెట్టకూడదంది. మందుల పేర్లకు మామూలు సరుకు కంటే కఠినమైన పరీక్ష ఉండాలంది. ఆ మాటలు రాసినవాళ్లు మన ఆస్పత్రుల వరండాలు ఎలా ఉంటాయో ఎరిగినవాళ్లు. చీటీ చేతిలో పట్టుకుని మందుల కిటికీ దగ్గర గంటసేపు నిలబడే మనిషిని వాళ్లు చూశారు.

మద్రాసు మేధో సంపత్తి విభాగానికి నేను కోరేవి పెద్ద సంగతులు కావు. ఆ రోస్టర్‌లో ఏ జడ్జీ రెండు మూడేళ్లకు మించి ఉండకూడదు. ఈ రంగపు లాయర్లలో నుంచి బెంచికి వచ్చినవాళ్లకు మొదటి రోజు నుంచే ఇతర కేసులు కూడా ఇవ్వాలి. మందుల మీద మధ్యంతర ఇంజంక్షన్ అడిగిన ప్రతి కేసులోనూ ధర ఎంతో, రోగులు ఎందరో కక్షిదారులు అఫిడవిట్‌లో చెప్పాలి. రోగుల సంఘాలకు, నేత సహకార సంఘాలకు, పాఠకులకు ఇంప్లీడ్ అయ్యే దారి సులువు చేయాలి. మెజిస్ట్రేట్లకు ట్రేడ్‌మార్కు చట్టం సెక్షన్ 103, 115 మీద శిక్షణ ఇవ్వాలి.

ఇంతకంటే తొందర ఉన్న పని ఇంకొకటి. పేటెంటు మంజూరుకు ముందే ఎవరైనా అభ్యంతరం చెప్పొచ్చని పేటెంటు చట్టం సెక్షన్ 25 అంటోంది. గ్లీవెక్ దరఖాస్తుకు చెన్నై ఆఫీసులో అడ్డు చెప్పినవాళ్లలో సిప్లా, నాట్కోలతో పాటు కేన్సర్ పేషెంట్స్ ఎయిడ్ అసోసియేషన్ కూడా ఉంది. మందు కంపెనీ కాదు, రోగుల సంస్థ. అప్పుడు ఆ అభ్యంతరానికి ఫీజు లేదు. 2024 మార్చిలో వచ్చిన సవరణ నిబంధనలు దానికి ఫీజు పెట్టాయి. అసలు ఆ అభ్యంతరం వినదగ్గదా కాదా అని ముందుగా తేల్చే అధికారం కంట్రోలర్‌కు ఇచ్చాయి. పేటెంటు దరఖాస్తుదారులకు ఆలస్యం తగ్గుతుందన్నది దీనికి చెప్పిన కారణం. మూడో మనిషి ఈ తగాదాలోకి సులువుగా రాగలిగిన తలుపు అది. ఆ నిబంధనలను సవాలు చేసే కేసు ఏ హైకోర్టులో విచారణకు వచ్చినా, దాన్ని వినే జడ్జి అంతకు ముందు ఏడాది ప్రమాద పరిహారం అప్పీళ్లో, కార్మికుల రిట్లో వింటూ ఉండాలని కోరుకుంటాను. అలాంటి జడ్జిని ఆ కుర్చీకి అనర్హుడనే కేడర్ ప్రతిపాదన ఎక్కడ చర్చకు వచ్చినా, వాషర్‌మెన్‌పేట్ నుంచి నా వ్యతిరేకత రాతపూర్వకంగా పంపుతాను.